బీచ్ నుంచి తెచ్చిన దుంగలో నల్ల సాలెపురుగు: ఇది కటిపోనా?

హరిత_కాపిటి
న్యూజిలాండ్ సాలెపురుగుల గురించి తెలిసినవాళ్ళు కొంచెం త్వరగా చెప్పండి. మేము వెల్లింగ్టన్‌కి ఉత్తరాన కాపిటి తీరంలో ఉంటాం, వచ్చి పద్నాలుగు నెలలైంది. నిన్న బీచ్‌కి వెళ్తే ఇసుక దిబ్బల దగ్గర ఒక దుంగ కనిపించింది. ఎప్పుడో సముద్రం తెచ్చి పడేసినది, ఎండకి తెల్లగా అయిపోయి చూడ్డానికి చాలా బాగుంది. టీవీ పక్కన పెట్టుకుందామని మా ఆయనా నేనూ చెరో వైపు పట్టుకుని కారులో వేసుకొచ్చాం. రాత్రి గరాజ్‌లో దులుపుతుంటే అడుగున తొర్రలోంచి నల్లటి సాలెపురుగు బయటికొచ్చింది. శనగగింజంత పొట్ట, నిగనిగలాడుతోంది, వెనకవైపు ఎర్రగా ఏదో ఉంది. మా ఆయన చెప్పు తీశాడు. సరిగ్గా అప్పుడే పక్కింటి పెద్దావిడ అటుగా వెళ్తూ చూసి, కటిపో (ఇక్కడి విషపు సాలెపురుగు) అయితే చంపకండి, చంపితే కేసవుతుంది అంది. దాని మీద గాజు సీసా బోర్లించి, సీసా మీద ఇటుక పెట్టి ఇంట్లోకొచ్చేశాం. ఆరేళ్ళ బాబు ఉన్నాడు. రాత్రంతా నిద్ర లేదు. అది నిజంగా కటిపోనేనా? అయితే ఎంత ప్రమాదం? ఎవరికి చెప్పాలి?

చంటి_99
ముందు అన్నయ్యని చెప్పు కాలికి వేసుకోమనండి. ఫొటో పెట్టండి.

బ్రిస్బేన్_బాబాయ్
అమ్మా హరితా, నేను ఆస్ట్రేలియాలో పదకొండేళ్ళుగా ఉంటున్నాను. ఇక్కడ రెడ్‌బ్యాక్ అని ఉంటుంది, కటిపోకి అక్కాచెల్లెళ్ళ వరస. మా పెరట్లో ప్లాస్టిక్ కుర్చీ కింద చెయ్యి పెట్టి ఎత్తబోతే నన్ను కరిచింది. మొదట చీమ కుట్టినట్టే అనిపించింది. అరగంటకి చెయ్యంతా సలపరం, ఆ చోట మాత్రమే చెమట. రాత్రంతా ఆస్పత్రిలో ఉన్నాను. పసిపిల్లాడున్న ఇంట్లో ఇలాంటి దాన్ని పెట్టుకుని చట్టాల గురించి ఆలోచించక్కర్లేదు. చంపేసి పడుకోండి.

సాలెగూడు_శ్రీను
బాబాయ్‌గారూ, మీ బాధ అర్థమైంది కానీ ఆ సలహా దయచేసి ఇవ్వకండి. నేను క్రైస్ట్‌చర్చ్‌లో పురుగుల మీద చదువుకుంటున్నాను. గత రెండు వేసవులు కటిపోల లెక్క తీసే పనిలోనే గడిచాయి. హరితగారూ, తెలిసింది చెప్తాను.

కటిపో ప్రపంచం మొత్తంలో న్యూజిలాండ్‌లోనే ఉంటుంది. ఈ దేశంలో కూడా అన్నిచోట్లా ఉండదు, సముద్రతీరపు ఇసుక దిబ్బల్లో మాత్రమే. 1871లో పావెల్ అనే ఆయన దీనికి శాస్త్రీయంగా పేరు పెట్టాడు, అప్పటికే మావోరీలు పిలుస్తున్న పేరునే ఉంచేశాడు. మావోరీలో 'కకటి' అంటే కుట్టడం, 'పో' అంటే రాత్రి. రాత్రిపూట కుట్టేది అని అర్థం. ఉత్తర ద్వీపంలో దాదాపు యాభై చోట్ల, దక్షిణ ద్వీపంలో ఎనిమిది చోట్ల, అన్నీ కలిపి కొన్ని వేలు మాత్రమే మిగిలాయని ఒక అంచనా. కివీ పక్షిని చూడ్డానికి జనం డబ్బులు కట్టి వెళ్తారు కదా, కొన్ని రకాల కివీల కంటే కటిపోలే తక్కువ. 2010 నుంచి 1953 నాటి వన్యప్రాణి చట్టం కింద దీనికి రక్షణ ఉంది. పక్కింటావిడ చెప్పింది నిజం. కావాలని చంపడం నేరం.

ఇప్పుడు భయం సంగతి. ఇది చాలా పిరికిది. కదిలిస్తే కాళ్ళు ముడుచుకుని ఉండలా అయిపోయి కింద పడిపోతుంది, లేకపోతే దగ్గర్లో ఏ సందులోకో దూరుతుంది. ఒంటికీ బట్టకీ మధ్య నలిగితేనో, గుడ్ల సంచి కాపలాలో ఉన్నప్పుడు వేలు పెడితేనో కరుస్తుంది. అది కూడా పెద్ద ఆడదే. మగదాని కోరలు మన చర్మం దాటలేవు.

సీసా అలాగే ఉంచండి. ఎండలో పెట్టకండి. పగటి వెలుతురులో ఒక ఫొటో తీయండి.

పద్మజ_ఆక్లాండ్
నేను ఇక్కడ తొమ్మిదేళ్ళుగా ఉన్నా, పిల్లల్ని ప్రతి వేసవీ బీచ్‌లకి తీసుకెళ్తా, ఒక్కసారి కూడా కటిపో కనపడలేదు. ఎర్ర చార ఉంటుందంటారు కదా, అది లేకపోతే కటిపో కానట్టేనా? ఇంకో మాట శ్రీనుగారూ, పిల్లాడున్న ఇంట్లో వాళ్ళకి చట్టం సెక్షన్లు చెప్పేముందు కరిస్తే ఏం చేయాలో చెప్పాలి.

సాలెగూడు_శ్రీను
సరైన మాటే, నేనే ముందు చెప్పాల్సింది. డాక్టర్ మాధవిగారు ఈ ఫోరంలో ఉన్నారు, వైద్యం ఆవిడ చెప్తేనే బాగుంటుంది.

ఎర్ర చార గురించి: మీ ఉత్తరం వైపు కటిపోలకి వీపు మీద ఎర్ర చార ఉండదు, మొత్తం నలుపే. చాలాకాలం దాన్ని వేరే జాతి అనుకున్నారు. 2008లో రెండూ ఒకే జాతి, ప్రాంతాన్ని బట్టి రంగు మారుతోంది అని తేల్చారు. హరితగారి వైపు అయితే వీపు మీద ఎర్ర చార, దానికి రెండు పక్కలా సన్నటి తెల్ల అంచు ఉండాలి. జరీ అంచు చీరలా స్పష్టంగా కనపడుతుంది.

డా_మాధవి
ఇప్పుడే చూశాను. హరితా, ముందు టెన్షన్ తగ్గించుకోండి. కటిపో కరిచిన కేసులే చాలా అరుదు. ఈ తరంలో చావులు లేవు. పాత రోజుల్లో జరిగాయని చెప్పుకుంటారు గానీ అప్పటికి మందు లేదు.

కరిస్తే ఆ చోట నొప్పి మొదలై గంటలోపే పెరుగుతుంది. కొందరికి చెమటలు, కడుపు నొప్పి, కండరాలు పట్టేయడం, వికారం. కొందరికి నొప్పి తప్ప ఇంకేమీ ఉండదు. సబ్బు నీళ్ళతో కడిగి ఐస్ పెట్టి ఆస్పత్రికి వెళ్ళాలి. పిల్లలైతే ఆలోచించకుండా వెంటనే. బిగించి కట్టు కట్టకూడదు, అలా కడితే నొప్పి ఎక్కువవుతుంది. బ్లేడుతో కోయడం, నోటితో పీల్చడం లాంటివి అసలు వద్దు. విరుగుడు మందు ఉంది. ఆస్ట్రేలియాలో రెడ్‌బ్యాక్ కోసం 1956లో తెచ్చిన మందే కటిపోకి కూడా పనిచేస్తుంది, రెండిటి విషం అంత దగ్గర.

బ్రిస్బేన్_బాబాయ్
కట్టు వద్దంటున్నారు, ఇక్కడ మాకు ఫస్ట్ ఎయిడ్ క్లాసులో కట్టు గట్టిగా కట్టమనే నేర్పారే?

డా_మాధవి
అది పాములకీ, ఫన్నెల్ వెబ్ సాలెపురుగుకీ అండీ. ఆ విషం త్వరగా పాకుతుంది కాబట్టి కట్టు. రెడ్‌బ్యాక్, కటిపోల విషం నెమ్మది, ఆస్పత్రికి వెళ్ళే టైమ్ ఉంటుంది. దీనికి కట్టు వద్దు.

మా ఊళ్ళో ఒంటి మీద బొబ్బలు వస్తే చాలు, సాలెపురుగు పాకింది అనేవాళ్ళు. సగం వాటికి సాలెపురుగుతో సంబంధమే ఉండదు. ఆ భయం చిన్నప్పటి నుంచీ మనలో ఉండిపోయింది.

హరిత_కాపిటి
డాక్టర్ గారూ, చాలా చాలా థాంక్స్. మీ పోస్టు మా ఆయనకి చదివి వినిపించా. ఫొటో పెడుతున్నా. సీసా పైనుంచి తీశాను, సరిగ్గా రాలేదు. వీపంతా నలుపే, వెనక కొస దగ్గర మాత్రం ఎర్రటి చిన్న మచ్చ. ముందు వైపు లేత రంగులో నెలవంక లాంటి గీత ఉంది.

సాలెగూడు_శ్రీను
నెలవంక గీత అన్నారు చూడండి, అక్కడే నాకు అనుమానం వస్తోంది. తేల్చాలంటే పొట్ట అడుగు చూడాలి. సీసా కిందికి నెమ్మదిగా గట్టి కాగితం తోసి, సీసా ఎత్తి కింది నుంచి చూడండి. కటిపో అయితే పొట్ట అడుగున ఎర్రటి డమరుకం గుర్తు ఉంటుంది. శివుడి చేతిలో ఉండే డమరుకమే, రెండు త్రికోణాలు మొన దగ్గర కలిసినట్టు. డమరుకం లేకపోతే అది దొంగ కటిపో.

చంటి_99
దొంగ కటిపో!! అది కూడా ఆధార్ అడగాల్సిన జీవేనన్నమాట.

సాలెగూడు_శ్రీను
పేరే అది తమ్ముడూ, ఇక్కడి ఇంగ్లీషులో కూడా అదే అర్థం వచ్చే పేరుతో పిలుస్తారు. దక్షిణాఫ్రికా నుంచి వచ్చింది.

వాసు_పెటోని
నేను వెల్లింగ్టన్ పక్కనే ఉంటాను, ఆరేళ్ళుగా మా బీచ్ దిబ్బల్లో మొక్కలు నాటే గ్రూపులో ఉన్నాను. హరితగారూ, కోప్పడుతున్నానని అనుకోకండి, కానీ ఒక మాట చెప్పాలి. అది కటిపోనా దొంగదా అన్నది తర్వాత. ఆ దుంగని దిబ్బ నుంచి తీసుకురాకుండా ఉండాల్సింది. మనకి అది షోకేస్ బొమ్మ, కటిపోకి అదే ఇల్లు. దుంగ కింద ఎండ తగలదు, గాలి కొట్టదు, గుడ్ల సంచి వేలాడదీసుకోవడానికి చోటుంటుంది. జనం చలిమంటలకీ ఇంటి అలంకారానికీ దుంగలు ఎత్తుకెళ్ళిపోతుంటే అవి ఎక్కడ ఉంటాయి? కార్లు, క్వాడ్ బైకులు దిబ్బల మీద తోలేవాళ్ళది ఇంకో గొడవ. టైరు ఒక్కసారి వెళ్తే గడ్డి, గూడు, గుడ్లు అన్నీ పోతాయి.

అన్నిటికంటే పెద్ద దెబ్బ గడ్డి కొట్టింది. ఇక్కడ దిబ్బల్లో పుట్టిన గడ్డి పీంగావ్. బంగారు రంగులో ఉంటుంది, మావోరీలు ఎండబెట్టి అల్లికలకి వాడతారు. పీంగావ్ ఎడంఎడంగా పెరుగుతుంది, పొదకీ పొదకీ మధ్య ఖాళీ ఇసుక ఉంటుంది. కటిపో ఆ పొద మొదట్లో నేలకి జానెడు ఎత్తులో గూడు కట్టి కూర్చుంటే, ఖాళీ ఇసుక మీద తిరిగే పురుగులూ గాలి తోసుకొచ్చే పురుగులూ నేరుగా వచ్చి తగులుకుంటాయి. తర్వాత ఇసుక కొట్టుకుపోకుండా ఆపాలని యూరప్ నుంచి మారమ్ అనే గడ్డి తెచ్చి తీరమంతా నాటారు. అది చాపలా దట్టంగా అల్లుకుపోతుంది. ఖాళీ ఇసుకే ఉండదు, గూడు కట్టే సందు ఉండదు. ఇసుక నిలిచింది, కటిపో పోయింది.

సూర్యలంక_సుబ్బు
వాసన్నా, ఇది చదువుతుంటే మా బాపట్ల వైపు తీరం కళ్ళ ముందు తిరిగింది. మా దిబ్బల మీద ఒక ముళ్ళ గడ్డి ఉంటుంది, దాని కాయలు బంతుల్లా ఉండి గాలికి ఇసుక మీద దొర్లుకుంటూ పోతాయి. చిన్నప్పుడు వాటి వెంట పరిగెత్తేవాళ్ళం. రావణాసురుడి మీసాలు అనేది మా నాయనమ్మ. అక్కడ అలాంటివేమైనా ఉంటాయా?

వాసు_పెటోని
ఉంటాయి సుబ్బూ! స్పినిఫెక్స్ అంటారు. మీదీ ఇక్కడిదీ ఒకే కుటుంబం, జాతులు వేరు. ఇక్కడిది వెండి రంగులో ఉంటుంది, దాని కాయలు కూడా అలాగే దొర్లుతాయి. పీంగావ్ తర్వాత కటిపో ఎక్కువగా ఉండేది దాని మొదట్లోనే.

సూర్యలంక_సుబ్బు
అబ్బ, భలే సంగతి చెప్పావన్నా. మా దగ్గర తుపాను గాలికి అడ్డంగా ఉంటాయని సరుగుడు తోటలు వేశారు. సరుగుడు ఆకు రాలి చాపలా పరుచుకుంటే దాని కింద ఏ గడ్డీ లేవదు. రావణాసురుడి మీసాలు మా పిల్లలకి చూపిద్దామంటే ఇప్పుడు చాలా దూరం నడవాలి. వాటిలో ఏ సాలెపురుగులు ఉండేవో మేం ఎప్పుడూ చూడలేదు కూడా.

పద్మజ_ఆక్లాండ్
మళ్ళీ అడుగుతున్నా, ఎవరూ తప్పుగా తీసుకోవద్దు. పక్షిని కాపాడాలంటే అర్థమవుతుంది. మనిషిని ఆస్పత్రి పాలు చేసే పురుగుని కాపాడటం ఎందుకు? అది లేకపోతే ఎవరికి నష్టం? కాపాడే డబ్బుతో ఇంకేమైనా చేయొచ్చు కదా.

కాళహస్తి_కామేశ్వరి
పద్మజా, నీ ప్రశ్నకి శాస్త్రం వాళ్ళు చెప్తారు. నేను మా ఊరి మాట చెప్తాను. శ్రీకాళహస్తిలో మొదటి 'శ్రీ' అంటే సాలెపురుగు. కాళం అంటే పాము, హస్తి అంటే ఏనుగు, ఆ రెండూ సాలీడు తర్వాతే. గూడు అల్లి లింగానికి గుడి కట్టింది, దీపానికి గూడు కాలిపోతే దీపాన్నే మింగబోయింది, అదీ కథ. దాని భక్తి ఎవరికి లాభం అని అక్కడ ఎవరూ అడగలేదు. గుడికి దాని పేరే పెట్టుకున్నాం. ఆ ఊళ్ళో పుట్టిన నాకు సాలెపురుగు మీద చెప్పు ఎత్తితే చెయ్యి వణుకుతుంది. పండక్కి బూజు దులిపినా దాన్ని కాగితం మీదికి ఎక్కించి బయట వదులుతాను.

పద్మజ_ఆక్లాండ్
కామేశ్వరమ్మగారూ, కథ నాకూ ఇష్టమే. కానీ మన ఇంటి మూల సాలెపురుగు పిల్లాణ్ణి ఆస్పత్రికి పంపదు.

సాలెగూడు_శ్రీను
పద్మజగారి ప్రశ్న అడగాల్సిందే, నన్ను మా అమ్మ ఫోన్‌లో ఇదే అడుగుతుంది. నా జవాబు ఇది. మనిషి కటిపో దగ్గరికి వెళ్తున్నాడు గానీ కటిపో మనిషి దగ్గరికి రావట్లేదు. రెడ్‌బ్యాక్‌లా అది గరాజ్‌లో, బూటులో, కుర్చీ కింద కాపురం పెట్టదు. ఇసుక దిబ్బ దాటి బతకలేదు. మీరు తొమ్మిదేళ్ళు బీచ్‌లకి తిరిగినా కనపడలేదన్నారు, దాని స్వభావమే అది. ఇన్ని పరిమితులున్న జీవి కాబట్టే త్వరగా పోతోంది.

దాని కష్టాలు చూడండి. ఏడాదికి ఒక్కసారే పిల్లలు. నవంబర్, డిసెంబర్లలో ఐదారు గుడ్ల సంచులు పెడుతుంది, గోళీ అంత గుండ్రంగా, మీగడ రంగులో. ఒక్కోదానిలో 70 నుంచి 90 గుడ్లు. ఆరు వారాలకి జనవరి, ఫిబ్రవరిలో పిల్లలు బయటికొస్తాయి. గుడ్లు ఎదగాలంటే 17 డిగ్రీల కంటే ఎక్కువ వెచ్చదనం కావాలి, అందుకే దక్షిణాన మరీ చలి ప్రాంతాల్లో అసలు లేదు. గుడ్లు తినే కందిరీగ ఒకటి ఉంది. ఇవన్నీ దాటుకుని లక్షల ఏళ్ళు బతికింది. మన మారమ్ గడ్డినీ, దొంగ కటిపోనీ దాటలేకపోతోంది. దొంగ కటిపో ఏడాది పొడవునా పిల్లలు పెడుతుంది. తుపానుకి దిబ్బ కొట్టుకుపోయి మళ్ళీ కట్టుకుంటే, ఖాళీ అయిన చోటికి కటిపో తిరిగి వచ్చేలోపే అది ఆక్రమించేస్తుంది.

చంటి_99
కబ్జా అన్నమాట.

సాలెగూడు_శ్రీను
అచ్చంగా అదే. ఇంకొకటి కూడా ఉంది. బాబాయ్‌గారి రెడ్‌బ్యాక్ 1980ల మొదట్లో ఇక్కడికి వచ్చేసింది. సెంట్రల్ ఒటాగోలో, న్యూ ప్లిమత్‌లో స్థిరపడింది. మగ రెడ్‌బ్యాక్, ఆడ కటిపో కలిస్తే సంకర పిల్లలు పుడతాయి, ఆ పిల్లలకీ పిల్లలు పుడతాయి. అలా కలుస్తూ పోతే చివరికి కటిపో కటిపోగా మిగలదేమోనని మా గైడ్‌గారి భయం.

బ్రిస్బేన్_బాబాయ్
మా రెడ్‌బ్యాక్ మగది కలిసే టైమ్‌లో పల్టీ కొట్టి ఆడదాని నోటి ముందే పడుతుందని టీవీలో చూశాను. తినేస్తుందట. మరి కటిపో కూడా అంతేనా?

సాలెగూడు_శ్రీను
కాదండీ, నాకు కటిపో మీద అభిమానం పెరగడానికి అదో కారణం. కటిపో మగది పల్టీ కొట్టదు, ఆడది దాన్ని తినడం ఎవరూ చూడలేదు. మగది ఆడదానిలో ఆరో వంతు కూడా ఉండదు, తెల్లటి ఒంటి మీద నల్ల గీతలు, నారింజ రంగు మచ్చలు. ఆడది ఉన్న గూటికి వచ్చి తీగలు మీటుతూ తన రాక తెలిపి అప్పుడు దగ్గరికి వెళ్తుంది. కెయిటోరేటే దిబ్బల్లో నేను కళ్ళారా చూశాను. మోకాళ్ళ మీద కూర్చుని గంటన్నర కదల్లేదు, కాళ్ళు తిమ్మిరెక్కి లేవలేకపోయాను.

కెయిటోరేటే మా దగ్గరే, సముద్రానికీ పెద్ద మడుగుకీ మధ్య పొడవుగా ఉంటుంది. అక్కడ పీంగావ్ ఇంకా మిగిలింది కాబట్టి కటిపోలూ మిగిలాయి. మేము ఇసుక మీద చెక్క పలకలు పరిచి వస్తాం, కొన్నాళ్ళకి వెళ్ళి ఒక్కో పలక ఎత్తి కింద ఎన్ని చేరాయో లెక్కపెడతాం. దుంగకి బదులు అన్నమాట. గూళ్ళు చెడగొట్టకుండా లెక్క తీసే పద్ధతి అది. పలక ఎత్తినప్పుడు ఎర్ర చార కనపడితే ఆ రోజంతా ఆకలి తెలీదు.

నల్లమల_నాగరాజు
శ్రీను తమ్ముడూ, నీలాంటి వాళ్ళు మా వైపు కూడా ఉంటే బాగుండు. మాది గిద్దలూరు. ప్రపంచంలో ఇంకెక్కడా లేని సాలెపురుగు మా దగ్గరా ఉంది, మా వాళ్ళకే తెలియదు. నీలం రంగు, నెమలి మెడలా మెరుస్తుంది, అరచేయంత ఉంటుంది. చెట్టు తొర్రల్లో ఉంటుంది. 1899లో పోకాక్ అనే ఇంగ్లీషాయన గుత్తి రైల్వే కలప యార్డులో దొరికిన దాన్ని చూసి రాశాడు. అందుకే లోకమంతా గుత్తి టరాంటులా అంటుంది. నిజానికి అది గుత్తిది కాదు, కలపతో పాటు అక్కడికి చేరిందని తర్వాత తెలిసింది. వందేళ్ళు ఎవరికీ కనపడలేదు. 2001లో నంద్యాల, గిద్దలూరు మధ్య అడవిలో మళ్ళీ దొరికింది. అంతరించే ప్రమాదం అతి తీవ్రంగా ఉన్న జీవుల్లో ఉంది. విదేశాల్లో దాన్ని గాజు పెట్టెల్లో పెంచుకుంటారు, అమ్ముకుంటారు. మా ఊళ్ళో మాత్రం దాని పేరు చెప్తే 'సాలెపురుగు కోసం ఇంత మాటలా' అంటారు.

మీ హరితమ్మ దుంగ కథ చదవగానే నాకు ఆ రైల్వే కలపే గుర్తొచ్చింది. కట్టె ఎక్కడికి పోతే పురుగు అక్కడికి పోతుంది.

కాళహస్తి_కామేశ్వరి
నాగరాజూ, నంద్యాల పేరు నాకు తెలిసిందే. ఇన్నేళ్ళలో ఈ మాట నేను వినలేదు. సిగ్గుగా ఉంది.

చంటి_99
హరితక్క ఏమైంది? సీసా తిప్పారా? ఇక్కడ అందరం డమరుకం కోసం కూర్చున్నాం.

హరిత_కాపిటి
తిప్పాం. మా ఆయన కాగితం తోశాడు, నేను టార్చ్ పట్టుకున్నా, బాబు తలుపు వెనక నుంచి చూశాడు. డమరుకం లేదు. పొట్ట అడుగంతా నలుపు, ముదురు గోధుమ. డిపార్ట్‌మెంట్ ఆఫ్ కన్జర్వేషన్ (ఇక్కడి ప్రకృతి సంరక్షణ శాఖ) వాళ్ళకి కూడా ఫొటోలు పంపాను, దొంగ కటిపో అనే జవాబొచ్చింది.

నిజం చెప్పనా? నిన్న రాత్రి అది కటిపో కాకూడదని దండం పెట్టుకున్నాను. ఇవాళ కాదని తెలిశాక మనసు చిన్నబోయింది. మీరంతా చెప్పింది చదివాక అది ఇంకా ఉన్న దిబ్బ మా ఇంటికి పది నిమిషాల దూరంలో ఉందనుకున్నా. దుంగ ఉన్నచోట ఉండాల్సింది కటిపో, అక్కడ ఇది ఉంది. వాసుగారు చెప్పింది ఇప్పుడు బాగా అర్థమైంది.

దీన్ని ఏం చేయాలి? దుంగ?

సాలెగూడు_శ్రీను
దొంగ కటిపో కరిచినా నొప్పి, కొంచెం వాపు, అంతవరకే. దీనికి చట్టం రక్షణ లేదు, మీ ఇష్టం. కానీ దిబ్బల్లోకి తీసుకెళ్ళి మాత్రం వదలకండి, అక్కడ ఇప్పటికే ఎక్కువ. దుంగలో గుడ్ల సంచులు ఉన్నాయేమో ప్రతి తొర్రా చూడండి, చేతికి గ్లవ్స్ వేసుకుని. ఆ తర్వాత దుంగ తెచ్చిన చోటే పెట్టండి.

వాసు_పెటోని
తెచ్చినప్పుడు ఏ వైపు ఇసుకలో ఉందో ఆ వైపే కిందికి రావాలి. దిబ్బ మీద గడ్డి తొక్కకుండా జనం నడిచే దారిలోనే వెళ్ళండి.

బ్రిస్బేన్_బాబాయ్
అమ్మా హరితా, మొదట్లో చంపేయమన్నాను, ఆ మాట వెనక్కి తీసుకుంటున్నాను. నాకు కరిచిన బాధలో అన్నాను. మా రెడ్‌బ్యాక్‌కి ఏ కరువూ లేదు, కటిపో పరిస్థితి వేరని తెలియదు. కానీ పిల్లాడి బూట్లు బయట వదిలితే దులిపి వేయండి, ఆ అలవాటు ఎక్కడున్నా మంచిదే.

పద్మజ_ఆక్లాండ్
నేను పూర్తిగా ఒప్పుకోలేదు, చెప్తున్నా. చంపడం నేరం అని బోర్డు పెట్టేచోట, కరిస్తే ఏం చేయాలో కూడా రాయాలి. ఇద్దరి గురించీ ఆలోచించాలి. డాక్టర్‌గారి పోస్టు మా బీచ్ వాట్సాప్ గ్రూపులో తెలుగు అమ్మలకి పంపాను. దాంతోపాటు దుంగలు ఎత్తుకురావద్దని కూడా రాశాను.

డా_మాధవి
అది చాలా మంచి పని పద్మజా. ఆ రెండు మాటలూ ఒకే చోట ఉండాలి.

హరిత_కాపిటి
మూడు నెలల తర్వాత రాస్తున్నా. దుంగ ఆ మర్నాడే తిరిగి పెట్టేశాం. వాసుగారు చెప్పిన మొక్కలు నాటే గ్రూపు మా వైపు కూడా ఉందని తెలిసి చలికాలంలో రెండు శనివారాలు వెళ్ళాం. మారమ్ తీసేసిన చోట పీంగావ్, స్పినిఫెక్స్ నారు నాటాం. బాగా లోతుగా తవ్వి మొదలు పాతాలి, లేకపోతే గాలికి ఇసుక లేచిపోయి వేళ్ళు బయటపడతాయి. మా బాబు పదిహేడు మొక్కలు నాటాడు, లెక్క వాడిదే. ప్రతి మొక్కకీ 'ఇది ఒక కటిపో ఇల్లు' అంటూ పోయాడు.

అక్కడ ముప్పై ఏళ్ళుగా ఆ తీరంలోనే ఉంటున్న ఒకాయన మమ్మల్ని దిబ్బ వెనకవైపుకి తీసుకెళ్ళి, దారి పక్కనే ఒక పాత చెక్క పలక మెల్లగా ఎత్తి చూపించారు. రెండు చేతుల దూరం నుంచి చూశాం. నలుపు, ఎర్ర చార, చార పక్కన తెల్ల అంచు. శ్రీనుగారు చెప్పినట్టు జరీ అంచే. వెలుతురు తగలగానే కాళ్ళు ముడుచుకుంది. ఆయన ఐదు లెక్కపెట్టి పలక దించేశారు.

సాలెగూడు_శ్రీను
నా గొంతు పట్టేసింది హరితగారూ. ఎంతమందికి ఇది కనపడుతుంది!

వాసు_పెటోని
పదిహేడు మొక్కలు! ఆ అబ్బాయికి నా తరఫున ఒక చాక్లెట్ కొనివ్వండి. వచ్చే చలికాలం మా బీచ్‌కి కూడా తీసుకురండి, ఇంకా మూడు వందల అడుగుల మారమ్ మిగిలింది.

నల్లమల_నాగరాజు
హరితమ్మా, ఇండియా వచ్చినప్పుడు గిద్దలూరు రండి. అడవిలోకి అనుమతి లేకుండా పోలేం, నీలం సాలెపురుగు కనపడుతుందని మాట ఇవ్వలేను. కానీ అది ఉండే చెట్లు ఎలా ఉంటాయో రోడ్డు మీద నుంచే మీ బాబుకి చూపిస్తాను.

హరిత_కాపిటి
తప్పకుండా నాగరాజన్నా. సంక్రాంతికి టికెట్లు చూస్తున్నాం. వాడు ఇప్పుడే అడుగుతున్నాడు, దాని పొట్ట కింద కూడా డమరుకం ఉంటుందా అని.

నల్లమల_నాగరాజు
డమరుకం ఉండదు గానీ, కాళ్ళ కింద పసుపు మచ్చలు ఉంటాయని చెప్పు. మిగతాది వచ్చాక.